నిద్రగన్నేరు కాపలా

ఒకప్పుడు చెట్లకి నిద్రంటే ఏమిటో తెలీదు. పగలూ రాత్రీ ఒకటే గలగల. గాలి వచ్చి కాస్త తట్టిందా, మామిడి మొదలుపెట్టేది, వేప అందుకునేది, రావి ఇంక ఆపేదే కాదు. మనుషులకి అలవాటైపోయి ఆ చప్పుడులోనే గుర్రుపెట్టి పడుకునేవాళ్ళు.

ఆ రోజుల్లో పైడమ్మ అనే ఆవిడ పెరట్లో ఒక పెద్ద చెట్టుండేది. గొడుగు పట్టినట్టు ఇల్లంతా కప్పేసేది. అన్నీ చిన్న చిన్న ఆకులు. దానికి అప్పటికి పేరంటూ లేదు. పైడమ్మ 'మా చెట్టు' అనేది, పక్కింటివాళ్ళు 'వాళ్ళ చెట్టు' అనేవాళ్ళు. ఊళ్ళో అన్ని చెట్లకంటే ఎక్కువ చప్పుడు దానిదే.

ఆ ఇంటికి కోడలొచ్చింది. పేరు నూకాలు. సముద్రం ఒడ్డున ఉప్పుమళ్ళలో పుట్టి పెరిగిన పిల్ల. ఉప్పుమళ్ళు చూశారా మీరు? చూసుండరు. కనుచూపుమేర తెల్లటి నేల, పైన ఆకాశం, అంతే. ఆ నేలలో గడ్డిపరక కూడా మొలవదు, ఇంక చెట్టెక్కడ? నూకాలుకి ఆకంటే తాటాకే. అదైనా ఎండిపోయి, ఎక్కడినుంచో బండిమీద వచ్చేది, ఉప్పుకుప్పలమీద కప్పడానికి.

ఎందుకు కప్పడం అంటారా? అడ్డురాకండర్రా, అక్కడికే వస్తోంది కథ. ఎండల్లో ఇంటిల్లిపాదీ మళ్ళలో దిగి, కాళ్ళు పగిలేలా పనిచేసి ఉప్పు కుప్పపోస్తారు. ఒక్క వాన పడిందా, కుప్ప కరిగి నేలపాలు. అందుకని అక్కడ పిల్లలకి నడక రాకముందే చెవొగ్గి వినడం నేర్పుతారు. దూరాన వాన చప్పుడు వినపడితే చాలు, తింటున్నవాళ్ళు తింటున్నట్టే లేచి తాటాకులు పట్టుకుని పరుగెత్తాల్సిందే.

నూకాలు కాపరానికొచ్చిన రోజు పొద్దుగూకింది. అలా నడుం వాల్చిందో లేదో, పెరట్లో చెట్టు గలగలమంది.

"వాన! వానొచ్చేస్తోంది! లెగండి, లెగండి!"

ఒక్క గెంతులో బయటికి ఉరికింది. చేతికందిన చాప, చేట, అత్తగారి కొత్త చీర, అన్నీ లాక్కుని వాకిట్లో నిలబడింది. పైన చుక్కలు మిలమిలలాడుతున్నాయి. కప్పడానికి కుప్పేదీ లేదు.

ఇంట్లోవాళ్ళు పగలబడి నవ్వారు. నూకాలు కూడా నవ్వింది, కొత్త కదా.

మర్నాడూ అంతే. ఆ మర్నాడూ అంతే. ఆ తర్వాత నవ్వేవాళ్ళు లేరు.

"ఇక్కడ ఉప్పుకుప్ప ఎక్కడుందే తల్లీ?" అంది పైడమ్మ, నిద్ర చాలక ఆవలిస్తూ.

"లేదని నాకు తెలుసు అత్తా. నా కాళ్ళకే తెలీదు," అంది నూకాలు.

రానురాను ఆ చెట్టుని చూస్తేనే ఆమెకి వణుకు పుట్టేది, పట్టపగలు కూడా. బావికి దారి చెట్టుకింద నుంచే. నూకాలు ఆ నాలుగడుగులూ వెయ్యలేక, కడవ నెత్తినపెట్టుకుని ఊరంతా చుట్టి వచ్చేది. తర్వాత వేపంటే భయం. మామిడంటే భయం. చివరికి కరివేపాకు మొక్కన్నా భయమే. కరివేపాకు లేని చారు తిని తిని ఆమె మొగుడు బంగారయ్యకి నాలుక చచ్చిపోయింది.

ఊళ్ళో గురవయ్య తాత అని ఒకాయన ఉన్నాడు. ఏ రోగం చూపించినా మందుకంటే ముందు పేరు పెడతాడు. ఆయనొచ్చి నూకాలు కనురెప్ప లాగి చూశాడు, నాలుక చూశాడు, చాలాసేపు తల ఊపాడు.

"దీన్ని చెట్టుబెదురు అంటారు," అన్నాడు.

"మందేంటి తాతా?" అని అడిగాడు బంగారయ్య.

"పేరు తెలిసింది కదరా. మందు నెమ్మదిగా చూద్దాం," అని చుట్ట ముట్టించుకుని చక్కాపోయాడు.

ఇంకేముంది, బావి దగ్గరా అదే మాట, చేలల్లోనూ అదే మాట. పైడమ్మ కోడలికి చెట్టుబెదురట! పేరు దొరికేసరికి ఊరంతటికీ మనసు కుదుటపడింది. నూకాలుకి మాత్రం కునుకు లేదు.

పాపం, ఎంతని ఓర్చుకుంటుంది? కళ్ళు లోపలికి పోయాయి. కూరలో ఉప్పు వేసి, వేశానో లేదోనని మళ్ళీ వేసేది. ఒకరోజు పొయ్యిముందు కూర్చుని అలాగే తూగింది. పైటచెంగుకి నిప్పంటుకుంది. పైడమ్మ పరుగున వచ్చి నీళ్ళు కుమ్మరించింది కాబట్టి సరిపోయింది.

ఆరోజు పైడమ్మ గోడకి చేరగిలబడి ఏడ్చేసింది. "ఒరే బంగారూ, పిల్ల నా చేతుల్లో పోయేలా ఉందిరా. ఇంట్లో చెట్టైనా ఉండాలి, పిల్లైనా ఉండాలి. రెండూ కుదరవు."

ఆ చెట్టు బంగారయ్య తాత నాటింది. అయినా గొడ్డలి తీసి, రాతిమీద నూరుతూ కూర్చున్నాడు. తెల్లారగానే కొట్టేద్దామని అతని ఆలోచన.

పొద్దుగూకే వేళైంది. నూకాలు పెరటి గడపమీద కూలబడింది. చెట్టు మెల్లగా పిలిచింది.

"పిల్లా, రేపు నన్ను కొట్టేస్తారట కదా."

ఇంకొకప్పుడైతే నూకాలు పొలిమేర దాటేదాకా పరుగెత్తేది. ఇప్పుడు లేవలేదు. భయపడాలన్నా ఒంట్లో ఓపికుండాలి కదా.

"అవునట," అంది.

"నేనేం చేశాను నిన్ను?"

"ఏమీ చెయ్యలేదు. నువ్వు కదిలితే వానొచ్చినట్టుంటుంది. అంతే."

"వాన కాదని తెలుసుగా."

"తెలుసు." నూకాలు ఎవరికీ చెప్పని మాట అప్పుడు చెప్పింది. "చిన్నప్పుడొకసారి కుప్ప దగ్గర కాపలా నాది. అయ్యా అమ్మా పొద్దంతా పనిచేసి పడిపోయారు. నాకూ కునుకు పట్టింది. లేచేసరికి వాన వచ్చి వెళ్ళిపోయింది. కుప్ప లేదు. అయ్య నన్ను కొట్టలేదు, తిట్టలేదు. ఖాళీ నేలమీద చెయ్యేసి అలా కూర్చుండిపోయాడు. తిట్టినా బాగుండేది."



"గురవయ్య పేరు తప్పు పెట్టాడు," అంది చెట్టు. "నీకు భయం నేనంటే కాదు పిల్లా. నిద్రంటే."

నూకాలు మోకాళ్ళలో తల దాచుకుని వెక్కివెక్కి ఏడ్చింది.

చెట్టు గాలిని పిలిచింది. "ఈ పూటకి రాకు. పిల్ల పడుకోవాలి."

"బాగుంది వరస!" అంది గాలి. "నేను రాకపోతే ఊరు ఉడికిపోదూ? నా పని నాది. కావాలంటే నువ్వే నోరు మూసుకో."

నోరు మూసుకోవడం చెట్టుకేం తెలుసు? కొమ్మలు బిగబట్టి చూసింది, ఆకులు ఊరుకోలేదు. ఊపిరి బిగబట్టింది, ఊరుకోలేదు. ఇంక చూసి చూసి, ఒక ఆకుని ఎదురాకుకి ఆనించింది, దణ్ణం పెట్టినట్టు. బానే ఉందే! పక్కదాన్నీ ఆనించింది. ఆ పక్కదాన్నీ. అలా కొమ్మ కొమ్మా ముడుచుకుంటూ వచ్చింది.

గాలి వచ్చింది. అటు చూసింది, ఇటు చూసింది, తట్టడానికి ఆకే దొరకలేదు. గొణుక్కుంటూ పోయింది.

పెరడు నిశ్శబ్దమైపోయింది. నూకాలు తలెత్తి చూసింది. కొమ్మల మధ్యనుంచి ఆకాశం కనపడింది. అచ్చం ఉప్పుమళ్ళమీద ఆకాశం లాగే ఉంది.

"కాపలా నాది," అంది చెట్టు. "నువ్వు పడుకో."

"నిజంగా వానొస్తే?"

"మబ్బు పడితే పట్టపగలైనా ఇలాగే ముడుచుకుంటాను. నన్ను చూస్తే నీకు తెలుస్తుంది. రాత్రైతే, ఆకులు అడ్డులేవు కదా, చినుకులు సూటిగా నీ ఇంటికప్పుమీదే పడతాయి. అవి నిజం చినుకులు. వాటికి లే. మిగతావాటికి లేవకు."

నూకాలు లేచింది. తూలుతూ వెళ్ళి చెట్టు మొదట్లోనే చెంగు పరుచుకుంది. తల ఆనిందో లేదో, ఇంక ఒళ్ళు తెలీలేదు.

తెల్లారింది. బంగారయ్య గొడ్డలి భుజాన వేసుకుని పెరట్లోకొచ్చాడు. చెట్టు మొదట్లో పెళ్ళాం. నోరు కొంచెం తెరుచుకుని, పసిపిల్లలా పడుకునుంది.

పైడమ్మ వెనకనుంచి వచ్చి కొడుకు చెయ్యి పట్టుకుంది. "ష్... గొడ్డలి కింద పెట్టు. అలా కాదురా సన్నాసీ, చప్పుడు కాకుండా పెట్టు."

ఎండ నూకాలు ముఖంమీద పడబోయింది. చెట్టు ఆ పక్క ఆకులు విప్పి నీడ పట్టింది. మధ్యాహ్నమైనా ఆమె లేవలేదు. ఎవరూ లేపలేదు. పైడమ్మే వంట చేసింది, చారులో ఇంత కరివేపాకు దూసి మరీ వేసింది.

కొన్నాళ్ళకి ఒక మిట్టమధ్యాహ్నం చెట్టు ఉన్నట్టుండి ఆకులు ముడిచింది. మబ్బు కమ్ముకొస్తోంది. నూకాలు పరుగెత్తలేదు. నడుచుకుంటూ వెళ్ళి, ఎండబెట్టిన మిరపకాయలు ఎత్తి లోపల పెట్టింది. ఆ వెనకే వాన కురిసింది. నూకాలు గుమ్మంలో నిలబడి దాన్ని చూసింది.

ఆ ఏడు ఉప్పు పనులయ్యాక కూతుర్ని చూడ్డానికి వాళ్ళయ్య వచ్చాడు. మనిషి నల్లగా ఎండిపోయి ఉన్నాడు. చెట్టుకింద మంచం వేసినా వాలడు. మాటిమాటికీ చెవి అటూ ఇటూ తిప్పుతున్నాడు. పొద్దుగూకింది, చెట్టు ఆకులు ముడిచింది.

నూకాలు తండ్రి పగిలిన పాదాలకి నూనె రాస్తూ అంది. "పడుకో అయ్యా. ఇక్కడ కాపలా ఉంది."

ఆయన కూతురి తలమీద చెయ్యి వేశాడు. వేసిన చెయ్యి వేసినట్టే నిద్రపోయాడు.

ఆ చెట్టుకి నిద్రగన్నేరు అని పేరొచ్చింది. ఎవరు పెట్టారో తెలీదు కానీ గురవయ్య తాత మాత్రం కాదు. మామిడికీ వేపకీ కూడా అది చెప్పి చూసింది, ఆకులు ముడుచుకోండర్రా అని. వింటేగా! ఇప్పటికీ గలగలమంటూనే ఉన్నాయి.

నిద్రగన్నేరు పొద్దుగూకగానే ఆకులు ముడుచుకునేదీ, మబ్బు పడితే పగలైనా ముడుచుకునేదీ అప్పటినుంచే. కింద ఎవరో బాగా అలిసిపోయి పడుకున్నారని ఇవాళ్టికీ దాని నమ్మకం.