దయ్యానికి లైటింగ్

కెమెరాలో దయ్యాన్ని నాకన్నా బాగా చూపించేవాడు తెలుగునేల మీద లేడు. ఈ మాట మొదట అన్నది నేనే. ఆ తర్వాత ఇంకెవరూ అనలేదు.

అప్పట్లో నేను దస్తగిరి మాస్టారి దగ్గర అసిస్టెంటుని. ఆయన జీవితమంతా చిన్న సినిమాలకే కెమెరా పట్టారు, అందులోనూ దయ్యాల సినిమాలకే. పెద్ద హీరోలెవరూ ఆయన్ని గుర్తుపట్టరు గానీ, ఫీల్డులో దయ్యం వేషాలేసే వాళ్ళందరూ నమస్కారం పెడతారు.

మూతపడిన రైసుమిల్లులో, కిటికీలకి నల్లగుడ్డలు కట్టి, పట్టపగలే రాత్రి సీను తీస్తున్నాం. హీరోయిన్ కుర్చీలో కూర్చుని ఉంటుంది. ఎదురుగా తలుపులోంచి దయ్యం రావాలి.

మాస్టారు కెమెరా నాకు అప్పజెప్పి, "ఇది నువ్వు తీయరా ఓబులేసూ. డైరెక్టరమ్మకి నచ్చితే ఆమె తర్వాతి సినిమాకి నువ్వే కెమెరామన్," అన్నారు.

ఇంకేముంది. దయ్యం వెనక నీలం లైటు, పక్క నుంచి తెల్ల లైటు, కాళ్ళ దగ్గర పొగ. మేకప్‌లో గీసిన నరాలు కూడా ఒక్కోటీ కనిపిస్తున్నాయి.

డైరెక్టర్ మృదులగారు మానిటర్ చూశారు. "బాగుంది ఓబులేసూ. దయ్యం పెళ్ళిచూపులకి వచ్చినట్టుంది."

ఇంకో లైటు పెట్టాను.

"ఇప్పుడు సంబంధం కుదిరినట్టుంది," అన్నారామె. "భోజనాలయ్యాక మాస్టారు తీస్తార్లే."

తర్వాతి సినిమా నా చేతికి రాకుండానే పోయింది. బయట అన్నాలు పెడుతున్నారు. నాకు ఆకలి లేదు. మాస్టారి దగ్గరికి వెళ్ళాను.

"ఉన్న లైట్లన్నీ వాడేశాను మాస్టారూ. ఇంకేం తక్కువైంది?"

ఆయన చేతిలోని టీ గ్లాసు పక్కన పెట్టారు. "పోయి ఆ కుర్చీలో కూర్చో. లైటు చూడ్డానికి మనిషి కావాలి."

హీరోయిన్ కుర్చీలో కూర్చున్నాను. దయ్యం మీద నేను పెట్టిన లైట్లన్నీ ఆయన ఒక్కోటీ ఆర్పేశారు. చిన్న లైటొకటి నా చెంప మీదికి తిప్పి, వెళ్ళి కెమెరా వెనక నిలబడ్డారు. తలుపు అసలు కనిపించడం లేదు.

"రామ్మా," అన్నారు చీకట్లోకి. "నిదానంగా రా. వాడి వెనక్కి రా."

వచ్చేది దయ్యం వేషం వేసిన హేమలతక్క. పొద్దున నాతోపాటు ఇడ్లీ తిన్న మనిషి. ఆ సంగతి నాకు తెలుసు. అయినా తలుపు వైపు చూశాను. తర్వాత పక్కకి చూశాను. వెనక్కి చూడాలనిపించలేదు. ఏదో గుడ్డ నా మెడకి తగిలినట్టయింది.

కుర్చీతో సహా కింద పడ్డాను.

మాస్టారు పెద్ద లైటు వేశారు. కిటికీలకి కట్టగా మిగిలి దూలం మీద వేసిన నల్లగుడ్డ ఒకటి జారి నా మీదికి వాలి ఉంది. అంతకుమించి అక్కడెవరూ లేరు.

"ఇట్రా," అని, తీసింది మానిటర్‌లో చూపించారు. అందులో నా ముఖం తప్ప ఇంకేం లేదు. అది చూస్తుంటే నాకు మళ్ళీ భయమేసింది.

"దయ్యమేదీ మాస్టారూ?"

"అన్నం తింటోంది," అన్నారాయన, టీ గ్లాసు అందుకుంటూ.

భోజనాలయ్యాక మృదులగారిని ఒక్క షాటు అడిగి, కెమెరాని హీరోయిన్ వైపు తిప్పాను. ఈసారి డైరెక్టరమ్మ మానిటర్ చూసి పెళ్ళి మాట ఎత్తలేదు. తర్వాతి సినిమా నాకే ఇచ్చారు.

ఆ సీన్లో హీరోయిన్ కేక విని హాలంతా ఉలిక్కిపడిందని, గొంతులో ఎంత ప్రాణం ఉందోనని జనం ఇప్పటికీ మెచ్చుకుంటారు. ఇన్నాళ్ళూ నేనూ తలూపుతూ వచ్చాను. కుర్చీ పైన కట్టిన మైకు ఆ మధ్యాహ్నం భోజనాలప్పుడు ఎవరూ ఆపలేదు. ఆ కేక నాది.