పండితుడు రాయని సున్నా

ఒకానొక రాజ్యంలో రాజుగారి కన్నా రాజుగారికి విసిరేవాళ్ళకే ఎక్కువ విషయాలు తెలిసేవి. రాజు ప్రతాపదత్తుడు. సింహాసనం వెనక ఎనిమిదిమంది ఆడవాళ్ళు వింజామరలు వీచేవారు. వాళ్ళకీ చెవులుంటాయన్న సంగతి సభలో ఎవరికీ తోచలేదు. ఆ ఎనిమిదిమందిలో పెద్దది నూకాలు.

ఆస్థాన గణిత పండితుడు పేరిశాస్త్రి రాజకుమారుడికి రెండేళ్ళు లెక్కలు చెప్పాడు. ఆ రెండేళ్ళూ పక్కన నిలబడి విసిరింది నూకాలే. చల్లగాలికి శిష్యుడు హాయిగా నిద్రపోయేవాడు. పాఠం మాత్రం వృథా పోలేదు.

ఆ ఏడు పట్టాభిషేకం పండగకి వింజామరల వాళ్ళకి పట్టు పైబట్టలు ఇమ్మని రాజు సెలవిచ్చాడు. నేతగాడు ఒకటే తాను తెచ్చాడు. ముప్పైరెండు మూరలు, ఆ పైన మూరలో పదో వంతులు నాలుగు. ఎనిమిదిమందికీ సమానంగా పంచాలి.

శాస్త్రి నిండు సభలో ఇసుక పలక మీద 32.4 వేసి, ఎనిమిదితో భాగించడం మొదలుపెట్టాడు.

"ముప్పైరెండులో ఎనిమిది నాలుగుసార్లు. శేషం లేదు. చుక్క పెట్టాం. పైనున్న నాలుగుని కిందికి దించాం. నాలుగులో ఎనిమిది పోదు. పక్కన సున్నా చేరిస్తే నలభై. నలభైలో ఎనిమిది అయిదుసార్లు. మనిషికి 4.5 మూరలు."

నూకాలు చెయ్యి ఆగింది. పోదన్న చోట భాగఫలంలో సున్నా వెయ్యాలి. రాజకుమారుడి చేత ఈయనే అలా వేయించాడు, అతను మెలకువగా ఉన్న రోజున.

"అయ్యా, పోలేదన్న చోట పైన సున్నా వెయ్యాలేమో."

"సున్నా అంటే ఏమీ లేదనేగా? లేనిదాన్ని రాయడమెందుకు? నువ్వు విసురు" అన్నాడు శాస్త్రి.

సభ నవ్వింది. నూకాలు విసిరింది.

తాను కోశారు. ఒక్కొక్కరికీ నాలుగున్నర మూరలు కొలిచి ఏడుగురికి ఇచ్చేసరికి, ఎనిమిదోదైన పోలికి మూరైనా లేని ముక్క మిగిలింది. నేతగాడి దగ్గర అందుకుని ఆ తానుని సభకి మోసుకొచ్చింది కూడా పోలే.

శాస్త్రి పలక వంక మళ్ళీ చూడలేదు. పోలి వంక చూశాడు.

"నా లెక్క తప్పదు ప్రభూ. గుడ్డ తగ్గిందంటే మోసుకొచ్చిన చేతుల్ని అడగాలి."

రాజు అడగను కూడా లేదు. "రేపు సభలో దీని తల గొరిగించి పొలిమేర దాటించండి. మా పండితుడి లెక్కని సరిచూస్తామని ఎవరైనా ముందుకొస్తే వాళ్ళకీ అదే శిక్ష."

సాయంత్రం పోలి జడ గుప్పిట్లో పట్టుకుని కూర్చుంది. "మూడున్నర మూరలకి పైగా గుడ్డ నేనెక్కడ దాస్తానక్కా?"

"దాచడానికి ముందు అది ఉండాలిగా."

"తెలిసీ చెప్పవేం మరి?"

"శాస్త్రి చెబితే అది లెక్క. నేను చెబితే పొగరు. రాజు తనంతట తను అడిగితే తప్ప నోరు విప్పకూడదే" అంటూ నూకాలు కోదండం దగ్గరికి వెళ్ళింది.

కోదండం రోజూ పొద్దున సభలో రాజుగారి బిరుదులు చదివే మనిషి. నూట ఎనిమిది బిరుదులు. ఇరవై ఏళ్ళుగా చదివి చదివి గొంతు బొంగురుపోయింది.

"రేపు పద్దెనిమిదికి ఆపెయ్యి" అంది నూకాలు.

"నా తల?"

"ఎవరాపమన్నారంటే నా తల చూపించు. నీ గొంతుకి ఒకపూట సెలవు."

కోదండం గొంతు తడుముకుని ఒప్పుకున్నాడు.

మర్నాడు మంగలి కత్తి నూరుకుంటూ ఓ పక్కన కూర్చున్నాడు. కోదండం అందుకున్నాడు. పద్దెనిమిదో బిరుదు కాగానే వంగి దణ్ణం పెట్టి వెనక్కి తగ్గాడు. రాజు గడ్డం పైకెత్తి, తక్కిన వాటి కోసం అలాగే ఉండిపోయాడు. మెడ నొప్పెట్టాక కిందికి చూశాడు.

"తక్కినవేవి?"

కోదండం నూకాలు వైపు చెయ్యి చూపించాడు.

"నేనే ఆపమన్నాను ప్రభూ" అంది నూకాలు, విసరడం ఆపకుండా. "108లో మధ్యనున్న సున్నా తీసేశాం. అది ఏమీ కాదని శాస్త్రిగారు నిన్న ఈ సభలోనే సెలవిచ్చారు. మిగిలింది పద్దెనిమిది."

"ఏమీ కానిది నా తొంభై బిరుదులు పట్టుకుపోయిందా?"

"నిన్న పోలి పైబట్టనీ అదే పట్టుకుపోయింది."

శాస్త్రి దగ్గాడు. రాజు అతని వంక చూడకుండా, "ఎలాగో చెప్పు" అన్నాడు.

అడిగాడు కనక నూకాలు వింజామర పక్కన పెట్టింది. "మనిషికి 4.5 అయితే ఎనిమిదిమందికి 36 మూరలు కావాలి. నేతగాడు నేసిందే 32.4. తక్కిన 3.6 మూరలు మగ్గమెక్కనే లేదు. నెయ్యని గుడ్డని పోలి దొంగిలించిందన్నమాట."

పలక మీద మళ్ళీ భాగించింది. నాలుగు వేసింది, చుక్క పెట్టింది. పోదన్న చోట సున్నా, తర్వాత అయిదు. 4.05. ఎనిమిదితో గుణించి చూపించింది. సరిగ్గా 32.4.

"ఏదో... చెయ్యి జారింది" అన్నాడు శాస్త్రి.

"జారింది మీ చెయ్యి. గొరగబోయింది దాని తల."

రాజు పకపకా నవ్వాడు. అనుమతి దొరికింది కనక సభంతా నవ్వింది. మంగలిని పంపించేశారు. నూకాలుకి బంగారు కడియం ఇచ్చి, ఇకపై పండితుడి ప్రతి లెక్కా ఆమె సరిచూశాకే చెల్లుతుందని రాజు ప్రకటించాడు. బిరుదులు మాత్రం మొదటి నుంచీ చదివించుకున్నాడు. ఆ తర్వాత పోలిని పిలిచి, తన భుజం మీది జరీ ఉత్తరీయం తీసి చేతిలో పెట్టాడు.

పోలి దాన్ని కప్పుకోలేదు.

"ఇంకేం కావాలి?" అన్నాడు రాజు, నవ్వుతూనే.

"ఇది ఎన్ని మూరలో అక్క చేత కొలిపించి, మీరే ఇచ్చారని రాయించండి ప్రభూ. రేపు మీ భుజం మీద కనబడకపోతే మళ్ళీ నా జుట్టే కదా అడుగుతారు."

రాజు నవ్వు ఆగింది. పోలి జడ వంక చూశాడు. తర్వాత రాసేవాణ్ణి పిలిపించాడు.