చావిడికి తాళం

ఏ రాజ్యమో నాకూ తెలీదు గానీ, ఒక ఊళ్ళో పంచాయతీ సభ్యులంతా చావిడి అరుగు మీద కూర్చుని, ఊరిపెద్ద గవరయ్య మీద నమ్మకం లేదని తీర్మానించి దించేశారు. గవరయ్య, ఊళ్ళో దండోరా వేసే సింగన్నను వెంటబెట్టుకుని రాజుగారి దగ్గరికెళ్ళి, "సభ ఉందని నాకు కబురే లేదు ప్రభూ! ఈ సింగన్న మా వీధిలో దండోరా వెయ్యలేదు. ఆ తీర్మానం చెల్లదు" అన్నాడు.

"అదే నిజమైతే తీర్మానం కొట్టేస్తాను. సింగన్న డప్పూ లాక్కుంటాను" అన్నాడు రాజు.

సింగన్న చేతులు కట్టుకుని, "పెద్దయ్యా, ఏనాడూ తాళమెరగని చావిడికి ఆ రోజు పొద్దున్నే తాళం వేయించారు. ఎందుకండీ?" అని అడిగాడు.

"వెయ్యకపోతే వాళ్ళంతా లోపల కూర్చుని నన్ను దించెయ్యరూ!" అనేసి నాలిక కరుచుకున్నాడు గవరయ్య.

రాజు నవ్వాపుకోలేకపోయాడు. పెద్దాయన, పాపం, తలొంచుకుని తాళంచెవి తీసిచ్చాడు.

సింగన్నకే జాలేసింది. "కొత్త పెద్దను ఎన్నుకునే సభకు మీ గుమ్మం ముందు రెండుసార్లు డప్పు కొడతాలెండి, పెద్దయ్యా" అన్నాడు.