మబ్బు పద్యం ఎవరిది?

గుండ్లసీమను ఏలే పెదకొండ్రాజుకు ఒకనాడు సరదా పుట్టింది. "నా మీద నూరు పద్యాలు చెప్పినవారికి పది పుట్ల మాగాణి ఇస్తా" అని చాటించాడు.

నెల తిరక్కుండానే ఆస్థానకవి భైరవభట్టు తాటాకుల కట్ట పట్టుకొచ్చాడు. సభలో చదవడం మొదలెట్టాడు. పద్యాలు బాగున్నాయి. చదివేవాడే తడబడుతున్నాడు. ఒకచోట పాదం ఎక్కడ విరవాలో తెలియక సగం మింగేశాడు.

రాజుకు తాంబూలం అందించే సింగన్న మరొకటి కూడా గమనించాడు. భట్టుగారికి తాటాకుల మీద రాసిపెట్టే అక్కమ్మ ద్వారం దగ్గర నిలబడి ఉంది. భట్టు నోరు తెరవకముందే ఆమె పెదవులు పద్యం పలుకుతున్నాయి.

చదవడం అయింది. రాజు ఉబ్బిపోయాడు.

"భట్టుగారూ, మాగాణి మీదే!"

"తొందరపడకండి ప్రభూ," అన్నాడు సింగన్న. "నలభయ్యో పద్యంలో తమరిని మబ్బుతో పోల్చారు."

"మంచి పోలికేగా?"

"మబ్బు నల్లగా ఉంటుంది. మన ఊరి మీద ఉరుముతుంది, పొరుగూరికి పోయి కురుస్తుంది. భట్టుగారు ఎంత మాటన్నారో చూడండి!"

సభ గతుక్కుమంది. రాజు నలుపు. పైగా పొరుగు సీమల నుంచి వచ్చినవాళ్ళకే కానుకలిస్తాడని పేరు. ఆయన ముఖం కందగడ్డయింది.

"ఏమయ్యా భట్టూ! నన్నింత మాటంటావా?"

భట్టుకు ముచ్చెమటలు పోశాయి. "నేను కాదు ప్రభూ! నాకే పాపం తెలీదు! అక్కమ్మ రాసింది. నేను తెచ్చి చదివానంతే!"

"ఆ ఒక్క పద్యమేనా?" మెల్లగా అడిగాడు సింగన్న.

"నూరూ! నూరూ ఆవిడవే!"

రాజు అక్కమ్మను పిలిపించాడు. ఆమె వచ్చి రాజు ఎదుట నిలబడింది.

"పద్యం నాదే ప్రభూ. మబ్బన్న మాటా నాదే. మా పేటలో బావి పూడిపోయి రెండేళ్ళయింది. తమరు అటు చూడలేదు."

"అయితే తిట్టావన్నమాటే!"

"తిట్టలేదు ప్రభూ. కురవదనుకున్న మబ్బుకేసి ఎవరూ తలెత్తి చూడరు."

రాజు సింగన్న వైపు తిరిగాడు. "ఆ మబ్బు మాట పట్టుకుని నువ్వెందుకు రచ్చ చేశావురా?"

"పొగడ్తకు నాదంటే నాదని నలుగురు ముందుకొస్తారు ప్రభూ. తల పోతుందన్నా నాదేనన్నవాళ్ళదే పద్యం!"

రాజు పకపకా నవ్వాడు. మాగాణి అక్కమ్మ పేర రాయించాడు, పేటలో బావి తవ్వించమన్నాడు. తన వేలి ఉంగరం తీసి సింగన్నకిచ్చాడు.

"మరి నేను ప్రభూ?" గొణిగాడు భట్టు.

"మీరు ఊరూరా తిరిగి ఈ నూరు పద్యాలూ చదవండి. ఒక్కో పద్యానికి ముందు అక్కమ్మగారి పేరు చెప్పండి. మీ పేరు అడిగినవాడికి మాత్రమే చెప్పండి!"

సభంతా గొల్లుమంది.