రెండో కంచం

ఏది ముందు జరిగిందో ఏది వెనక జరిగిందో నేను కాస్త తారుమారు చేయవచ్చు, జరిగింది మాత్రం ఇదే.

కాకినాడలో ఒక అపార్ట్‌మెంటులో, మనుషుల్ని కెమెరాలోంచి చూడటమే గానీ పలకరించడం అలవాటు లేని శశాంక్ అనే కుర్రవాడు ఉండేవాడు. ఒంటరితనం మీద చిన్న సినిమా తీసి పోటీకి పంపాలని అతని పట్టుదల. అందులో మాటలుండవు, పాటలుండవు. ఒక ఆడమనిషి ఒంటరిగా భోజనం చేస్తుంది, అంతే.

ఎదురు ఫ్లాటులో సత్యవేణిగారు ఉండేవారు. టెలిఫోన్ ఆఫీసులో పనిచేసి రిటైరయ్యారు, నా అన్నవాళ్ళు దగ్గర లేరు. అడగగానే ఆవిడ సంబరంగా ఒప్పుకున్నారు. కెమెరా వైపు చూడొద్దు, మాట్లాడొద్దు అని అతను ముందే చెప్పాడు.

"రోజూ చేసేది అదేగా నాన్నా," అని ఆవిడ నవ్వారు.

మర్నాడు శశాంక్ వెళ్ళేసరికి బల్ల మీద గుత్తివంకాయ కూర, పప్పుచారు, ఎదురెదురుగా రెండు కంచాలు ఉన్నాయి. కెమెరాలోంచి చూస్తే రెండో కంచం అతనికి అడ్డమనిపించింది. తీసుకెళ్ళి వంటింట్లో బోర్లించాడు. ఆవిడ ఏదో చెప్పబోతే పెదవి మీద వేలు పెట్టి ఆపాడు. ఆవిడ ఆ ఖాళీ చోటు వైపే చూస్తూ తిన్నారు. ఎంత బాగా నటించారో అని మురిసిపోయి, కెమెరా సర్దుకుని, గదికి పోయి హోటల్ పార్సిల్ విప్పుకున్నాడు.

సినిమా పూర్తయ్యాక డాబా మీద తెర కట్టి, అందరూ రమ్మని లిఫ్టులో కాగితం అంటించాడు. అతనెవరో ఎవరికీ తెలియదు, ఎవరూ రాలేదు. సత్యవేణిగారు ఒక్కరే కుర్చీ మోసుకుని వచ్చారు. చూశాక అతని వైపు తిరిగారు.

"బాగుంది నాన్నా. నీ కంచం ఎందుకు తీసేశావు?"

"నాదా? చెప్పకపోయారా ఆంటీ?"

"మాట్లాడొద్దన్నావుగా."

ఆవిడ కుర్చీ తీసుకుని కిందికి దిగిపోయారు. శశాంక్‌కు తల ఎత్తబుద్ధి కాలేదు. రేపు తలుపు తట్టాలనుకున్నాడు. రేపు, ఎల్లుండి అంటూ సిగ్గుతో వాయిదా వేశాడు.

ఒకరోజు పోటీలో తన సినిమాకు బహుమతి వచ్చిందని తెలిసింది. ఆ కబురు చెప్పుకోవడానికి అతనికి ఆ ఒక్క గుమ్మమే గుర్తొచ్చింది. పరుగున వెళితే తలుపుకు తాళం ఉంది. ఆవిడ ఇల్లు ఖాళీ చేసి తునిలో చెల్లెలి దగ్గరికి వెళ్ళిపోయారని వాచ్‌మన్ చెప్పాడు.

శశాంక్ గదికి వచ్చి అన్నం ముందు కూర్చున్నాడు. ఈసారి రెండో కంచం ఎవరూ తీసెయ్యలేదు. అసలు లేదు.

మాధవీ, నేను చెబుతుంటే రాసుకున్నావుగా, పేర్లు సరిగ్గా ఉన్నాయో లేదో ఓసారి చూడమ్మా. నీతిలో మాత్రం పొరపాటు లేదు: ఎదుటివారి ఒంటరితనాన్ని చూసి జాలిపడితే చాలదు, పిలిచినప్పుడే పక్కన కూర్చోవాలి.