పేరు చెప్పుకోని ఫాలా

పిల్లలూ, ఈ కథ మీరు విని ఉండరు. మనం వలస వచ్చి ఉంటున్న ఈ దేశంలో మనకన్నా ఎంతో ముందునుంచీ చోక్టా అనే జనం ఉన్నారు. వాళ్ల గురించి చదివి, నాకు తోచినట్టు అల్లిన కథ ఇది. ఇందులో అల్లింది ఏదో, ఉన్నది ఏదో చివర్లో చెబుతాను. మీ దగ్గర దాచను.

నది ఒడ్డున వెదురు పొదలు ఏపుగా పెరిగే దేశంలో ఒక రాజు ఉండేవాడు. వాళ్ల భాషలో రాజును మింకో అంటారు. మింకోకు కొడుకులున్నారు గానీ, ఆ దేశంలో రాజు కొడుకు రాజు కాడు, రాజు చెల్లెలి కొడుకు రాజవుతాడు. పిల్లలు తల్లి వైపు వాళ్లు. వాళ్లను దిద్దేది మేనమామ.

మింకో చెల్లెలికి ముగ్గురు కొడుకులు. పెద్దవాడు నషోబా, అంటే తోడేలు. రెండోవాడు నీతా, అంటే ఎలుగుబంటి. చిన్నవాడు ఫాలా, అంటే కాకి. మేనమామ ముగ్గురికీ విల్లు పట్టడం నేర్పాడు, బంతాట నేర్పాడు. ఒక మర్యాద కూడా నేర్పాడు.

"ఎవరైనా పేరడిగితే మనం చెప్పుకోకూడదురా. పక్కనున్న మనవాళ్లు చెప్పాలి."

"పక్కన ఎవరూ లేకపోతేనో మామా?" అని నవ్వాడు నషోబా.

"ఎవరూ లేని చోట నీకు పేరుతో పనేముంది?" అన్నాడు మామ.

ఇలా ఉండగా ఏడు సముద్రాల అవతలి నుంచి ఒక మాంత్రికుడు వచ్చాడు. వాడి భుజం మీద చిలక ఒకటి. ఒళ్లంతా ఆకుపచ్చ, తల పసుపు. మొదటి రోజు ఆ చిలక ఊరి జోలపాటలన్నీ మింగేసింది. రెండో రోజు వంటల పేర్లన్నీ మింగేసింది. మూడో రోజు ఒకరినొకరు పిలుచుకునే మాటలన్నీ మింగేసింది. మాంత్రికుడు దాని ముక్కుకు నారతాడు బిగించి కట్టి, సముద్రాలు దాటి వెళ్లిపోయాడు.

ఇక చూడండి ఆ ఊరి అవస్థ! రా, పో, తిను లాంటి మాటలున్నాయి. అమ్మా, మామా, అక్కా అనే మాటల్లేవు. అందరూ అందరినీ "ఏయ్" అంటున్నారు. ఒకామె "ఏయ్" అంటే వీధి వీధంతా వెనక్కి తిరిగేది. ముందు నవ్వుకున్నారు. తరవాత నవ్వు రాలేదు. ఫాలా తల్లి పొద్దస్తమానం గడపలో కూర్చుని, కొడుకుల వంక చూసి నోరు తెరిచేది, మాట రాక మూసుకునేది. ఎవరి పేరు వాళ్ల గుండెలో మాత్రం మిగిలింది, ఎందుకంటే తన పేరు తాను ఎవరూ పైకి అనేవారు కాదు.

పోయిన మాటలు తెస్తామని ముగ్గురు కొడుకులూ లేచారు. తల్లి మూడు బుట్టల్లో మూడేసి బనాహాలు పెట్టింది. మొక్కజొన్న పిండిని కంకి మీది ఆకుల్లో చుట్టి ఉడికించే వంటకం అది. దాని పేరు ఆమెకే గుర్తు లేదు.

నషోబా పెద్ద పడవెక్కి వెళ్లాడు. దారిలో ఒక వడ్రంగిపిట్ట "ఆకలి" అంటే "పోవే" అన్నాడు. నీతా రెండో పడవెక్కి వెళ్లాడు. వాడూ "పోవే" అన్నాడు. ఇద్దరినీ మాంత్రికుడు ఒకటే అడిగాడు: "నీ పేరేమిటి?" ఇద్దరూ ఛాతీ విరుచుకుని చెప్పారు. చెప్పగానే ఆ పేరు కూడా పోయింది. తామెవరో మరిచిపోయి, మాంత్రికుడి గుమ్మం ముందు కట్టెలు కొడుతూ ఉండిపోయారు.

ఫాలాకు పడవ మిగల్లేదు. కాలినడకన బయలుదేరాడు. బుట్టలల్లే పొరుగింటి పిల్ల బిస్సా వాకిట్లోంచి కేకేసింది.

"ఏయ్! నేనల్లిన బుట్ట అది. పోగొట్టావంటే చూడు!"

"నేను పోతేనో?"

"నువ్వు పోతే నాకేం? బుట్ట తీసుకురావడానికైనా నువ్వు రావాలిగా."

అడవిలో ఫాలా వడ్రంగిపిట్టకు ఒక బనాహా పెట్టాడు. పిట్ట ముక్కు తుడుచుకుని, "మాంత్రికుడి ప్రాణం చిలకలో ఉంది. లోపల మాటలన్నీ చేతులు పట్టుకుని కూర్చున్నాయి. ఒకటి బయటికొస్తే అన్నీ వస్తాయి, వాటితో ప్రాణమూ వస్తుంది. ఆ సంగతి వాడికి తెలీదు," అంది.

ఒడ్డున తాబేలుకు రెండో బనాహా పెట్టాడు. తాబేలు వీపు మీద ఎక్కించుకుంది. ఒక సముద్రం దాటారు, రెండు దాటారు, ఏడూ దాటారు. మూడోది ఇద్దరూ చెరిసగం తిన్నారు.

మాంత్రికుడు గుమ్మంలోనే ఎదురయ్యాడు.

"ఏ ఊరు?"

"వెదురు పొదల ఊరు."

"ఎవరి పిల్లాడివి?"

"మా అమ్మ పిల్లాణ్ణి."

"నీ పేరేమిటి?"

ఫాలా అన్నల వైపు చూశాడు. వాళ్లు గుర్తుపట్టలేదు. గొంతు దాకా వచ్చిన పేరును దిగమింగుకున్నాడు.

"నా పేరు నేను చెప్పుకోకూడదు. మావాళ్లు చెప్పాలి."

"ఇక్కడ నీవాళ్లెవరున్నారు?"

"మా అమ్మ నన్ను పిలిచే మాట మీ చిలక దగ్గరుంది. దాన్నడగండి."

మాంత్రికుడు గడ్డం గోక్కున్నాడు. ఆ దేశంలో వాడికి దొరకనివి ఈ గుండెల్లోని పేర్లే. చిలక చెబితే ఈ పేరూ దొరుకుతుంది, ఒక్క మాటకేం కొంప మునుగుతుంది అనుకుని, తాడు విప్పి, "చెప్పవే!" అన్నాడు.

చిలక నోరు తెరిచింది. "ఫాలా!" అంది. అచ్చం తల్లి గొంతు, పొయ్యి దగ్గర్నుంచి అన్నానికి పిలిచే గొంతు. ఆ మాట చెయ్యి పట్టుకుని నీతా వచ్చింది, నషోబా వచ్చింది, అమ్మ, మామ, అక్క, బనాహా, జోలపాటలు, అన్నీ గాలిలోకి లేచి ఇంటి దారి పట్టాయి. మాంత్రికుడు పిడికెడు దుమ్మయ్యాడు. తేలికపడ్డ చిలక రెక్కలు విదిల్చి అడవిలోకి ఎగిరిపోయింది.

"తమ్ముడూ!" అన్నాడు నషోబా, గొడ్డలి కింద పడేసి.

ముగ్గురూ ఇల్లు చేరేసరికి తల్లి వీధిలోనే ఉంది. పేరు పెట్టి పిలిచింది, మళ్లీ పిలిచింది. ఫాలా పలకలేదు.

"పలకవేంరా?"

"ఇంకోసారి పిలుస్తావని అమ్మా."

ఫాలా బుట్ట తీసుకెళ్లి బిస్సా చేతికిచ్చాడు, కొన్నాళ్లకు ఇద్దరికీ పెళ్లి కుదిరింది. పెళ్లిరోజున ఆ దేశపు పద్ధతి ప్రకారం దూరంగా ఒక గుంజ పాతారు. పెళ్లికూతురు దాని దాకా పరిగెడుతుంది, పెళ్లికొడుకు పట్టుకోవాలి. ఆమెకు ఇష్టం లేకపోతే చిక్కదు. బిస్సా లేడిలా పరిగెత్తింది. గుంజకు నాలుగు అడుగుల దూరంలో కాలిలో ముల్లు దిగిందని కూర్చుంది. ముల్లు ఎంత వెతికినా దొరకలేదు. ఆడవాళ్లంతా పగలబడి నవ్వారు. మామ తరవాత ఫాలా మింకో అయి, చాలా ఏళ్లు చల్లగా ఏలాడు.

పిల్లలూ, మాంత్రికుడూ, చిలకా, దాని కడుపులోని మాటలూ నేను అల్లినవి. పేరు చెప్పుకోని మర్యాద, మేనమామ పెద్దరికం, పెళ్లి పరుగు వాళ్లలో ఒకప్పుడు ఉండేవని చదివాను. ఎక్కడైనా తప్పు చదివి ఉంటే, తెలిసినవాళ్లను అడిగి దిద్దండి. తరవాతి కాలంలో ఆ జనంలో చాలామందిని ఇక్కడి ప్రభుత్వం సొంత నేల మీంచి వెళ్లగొట్టింది. చలిలో నడిచారు, దారిలో ఎందరో పోయారు. మిగిలినవాళ్లు భాషను వెంట తీసుకెళ్లారు. ఇవాళ్టికీ మాట్లాడేవాళ్లున్నారు.

ఈ కథను మీరు ఇంకొకరికి చెప్పండి. తెలుగులోనే చెప్పండి. మధ్యలో మాట తట్టకపోతే ఆగి నన్నడగండి, నేనున్నంతవరకూ చెబుతాను.