మోగని దెబ్బ

మృదంగ విద్వాంసులు వేదుల చయనులు గారికి ఒక అలవాటుండేది. శిష్యుల ప్రశ్న తేలికైతే కూర్చున్నచోటే జవాబు చెప్పేవారు. బరువైనదైతే లేచి చెప్పులు వేసుకునేవారు.

ఒక ఉదయం శిష్యురాలు సుగుణ అడిగింది. "గురువుగారూ, కచేరీలో ఒక్కోసారి కావాలనే ఒక దెబ్బ వదిలేస్తాను. సరిగ్గా అక్కడే జనం తలలు ఊగుతాయి. మోగని దెబ్బ వాళ్లకి ఎలా అందుతుంది?"

చయనులు గారు చెప్పులు వేసుకున్నారు.

ఇద్దరూ భీమిలి రేవుకి చేరేసరికి జాలర్లు ఒక పెద్ద పడవను ఒడ్డుకి లాగుతున్నారు. ఆడా మగా కలిసి ఇరవై మంది, రెండు తాళ్లు. నూకయ్య అనే ముసలాయన ముందు నిలబడి పదం అందుకుంటే, మిగతావాళ్లు "ఐలెస్సా" అంటూ ఒక్క ఊపున లాగుతున్నారు. ఊపుకి జానెడు చొప్పున పడవ ఎక్కుతోంది. దాని వెనక పెంటయ్య అనే మనిషి మోకాళ్ల మీద వంగి, పడవ కింద దుంగలు సర్దుతున్నాడు.

ఏటవాలు మధ్యలో నూకయ్యకు దగ్గు తెర వచ్చింది. పదం తెగిపోయింది. బదులు పలికేవాళ్లూ ఆగిపోయారు. ఒక్కరు ముందు, ఒక్కరు వెనక లాగినా తాడు వదులై పడవ పెంటయ్య మీదికి జారుతుంది.

ఎవరూ ఎవరి వైపూ చూడలేదు. పదం ఉండుంటే ఊపు ఎక్కడ పడేదో, సరిగ్గా అక్కడే నలభై చేతులు బిగిశాయి. పడవ జానెడు ఎక్కింది. మళ్లీ అలల చప్పుడే. మళ్లీ జానెడు. మూడో ఊపుకి పడవ మెరక మీద నిలిచింది. పెంటయ్య చేతులు దులుపుకుంటూ లేచాడు.

సుగుణ పరుగున వెళ్లింది. "తాతా, నువ్వు ఆగిపోయావు కదా, వాళ్లకి ఎలా తెలిసింది?"

"ఏమో తల్లీ, నాకేటి తెలుసు!" అన్నాడు నూకయ్య కళ్లు తుడుచుకుంటూ. "నాకు దగ్గొచ్చినప్పుడల్లా ఆళ్లు అలాగే లాగేత్తారు."

తిరుగుదారిలో సుగుణ, "వాళ్లది ఏళ్ల తరబడి అలవాటు గురువుగారూ. కచేరీకి కొత్తగా వచ్చి కూర్చున్నవాళ్ల సంగతేమిటి?" అంది.

"నూకయ్య పదం నువ్వు ఎన్నాళ్లుగా వింటున్నావమ్మా?"

"ఇవాళే మొదటిసారండి."

"అతను ఆగిపోయాక, ఆ మూడు ఊపులకీ నీ మడమ ఇసుకలో దిగింది. నీ చేతిలో తాడు కూడా లేదు," అన్నారు చయనులు గారు.